పులుసు పెట్టినవారికి కృతజ్ఞతలు

2003 మే 18, ఆదివారం. రోహిణి కార్తెకి ఇంకా వారముంది, అయినా విజయవాడలో పొద్దున పదింటికే ఫ్యాను వేడిగాలి విసురుతోంది. అలాంటి రోజున నాకు చలిచెమటలు పట్టాయి! ఎందుకో వినండి.

ఆస్తిలో ఆడపిల్లల వాటా గురించి జిల్లా అంతా వచ్చే లోకల్ కేబుల్ టీవీకి ఒక డాక్యుమెంటరీ తీశాను. హనుమాన్ జంక్షన్ దాటి కొల్లేరు వైపు ఒక ఊళ్ళో పైడమ్మ అని, చేపలమ్ముకునే మనిషి. తండ్రి పోయాక మిగిలింది రెండెకరాల చేపల చెరువు, ఒక పెంకుటిల్లు. రేషన్ కార్డుకని చెప్పి అన్న వీర్రాజు ఆమెచేత వేలిముద్ర వేయించుకుని అన్నీ తన పేర రాయించుకున్నాడు.

"చెబుతాను గానీ బాబుగారూ, నా పేరు బయటికి రాకూడదు. తెలిస్తే మా అన్న గుమ్మం తొక్కనివ్వడు."

"పూచీ నాది," అన్నాను.

వీపు వైపు నుంచే తీశాం. గొంతు మార్చాం, కుండలో కప్ప మాట్లాడినట్టు. ఆనవాలు పడతారని దండెం మీది చీర కూడా తీయించాను. వీర్రాజుకి మాత్రం చేపల పెంపకం మీద ప్రోగ్రాం అని చెప్పాం. పాపం, లైటు పెట్టుకోమని తన బల్ల కూడా ఇచ్చాడు.

మధ్యాహ్నం పైడమ్మ కొర్రమీను పులుసు పెట్టింది. నేను బందరులో బి.ఏ. చదివే రోజుల్లో మెస్సులో కూడా... సరే, మెస్సు సంగతి వదిలేయండి.

ఆ ఆదివారం ప్రోగ్రాం వచ్చింది. మా ఆవిడ పక్కనే కూచుని చూస్తోంది. చివర్లో టైటిల్స్ పడ్డాయి: 'రుచికరమైన పులుసు పెట్టిన పైడమ్మ గారికి, బల్ల ఇచ్చిన వారి అన్నగారు వీర్రాజు గారికి కృతజ్ఞతలు.'

"మొహం దాచారు, గొంతు దాచారు. మరి ఆ పేర్లేంటండీ?"

"మర్యాద కదే! ఒకరింట్లో తిన్నాక..." అంటుండగానే పైడమ్మకి ఇచ్చిన పూచీ గుర్తొచ్చింది.

సోమవారం తెల్లారేసరికి వీర్రాజు మా గుమ్మంలో ఉన్నాడు. నేను తలుపు చాటున.

"బల్ల ఇచ్చాను కదా, చేపల ప్రోగ్రాంలో నా పేరొస్తుందని ఊరందర్నీ కూచోబెట్టి సోడాలు తాగించానండీ! ఇలాంటి అన్నలు ఊరికి పదిమంది ఉంటార్లే అనుకుని, అందరితో కలిసి నేనూ తిట్టానండీ వాణ్ణి! తీరా చూస్తే చివర్న నా పేరు!"

"మరి పైడమ్మ?"

"దాన్నేమన్నా అంటే ఊరు ఊరంతా నా మీద పడేట్టుంది. ముందు ఆ పేర్లు తీసేయించండి."

"బుధవారం మళ్ళీ వేస్తున్నారు," అన్నాను. ఒట్టు, తెలివితేటలతో అన్న మాట కాదు. భయంలో నిజం నోరుజారింది.

"బుధవారమా!" అని అరుగు మీద కూలబడ్డాడు.

ఊరు మళ్ళీ చూసేలోపే పరువు దక్కించుకుందామని మంగళవారం చెల్లెల్ని రిజిస్ట్రారాఫీసుకి తానే తీసుకెళ్ళాడు. పైడమ్మకి చెరువులో ఎకరం. వీర్రాజుకి మిగిలిన ఎకరం, పెంకుటిల్లు. మా ఆవిడకి పైడమ్మ దగ్గర్నుంచి బతికున్న రెండు కొర్రమీనులు వచ్చాయి, "పులుసు పెట్టండమ్మా, బాబుగార్ని మాత్రం ఎక్కడా రాయనివ్వకండి," అనే కబురుతో.

నాకా? ఏమీ లేదు. బుధవారానికల్లా కృతజ్ఞతల ముక్క కోసేశారు. దాని కిందనే ఉన్న నా పేరు కూడా దాంతోపాటే పోయింది.