మా వార్తల్లో ‘రేపు’

1987 వేసవిలో జంషెడ్‌పూర్ సోనారిలో ఒక కేబుల్ సంస్థలో తెలుగు వార్తలు చదివే పనికి చేరాను. వారానికోసారి, శనివారం సాయంత్రం పది నిమిషాలు. హోదా ‘న్యూస్ రీడర్’. వార్తలు పోగుచేయడం, రాయడం, వెనక గోడకి కర్టెన్ తగిలించడం కూడా ఆ హోదాలోనే ఉండేవి.

రికార్డు చేసిన క్యాసెట్‌ను శనివారం సోనారిలో వేసేవాళ్లం. ఆదివారం అదే క్యాసెట్‌ను స్కూటర్ మీద గోవింద్‌పూర్ తీసుకెళ్లి అక్కడి వీసీఆర్‌లో పెట్టేవారు. రెండో క్యాసెట్ తీయడానికి యజమాని మిశ్రాగారికి ప్రాణం ఒప్పేది కాదు. అలాంటప్పుడు ‘ఈరోజు’, ‘రేపు’ అనకూడదు మహాప్రభో, వారం పేరు చెప్పాలి అని మొదటి నుంచీ మొత్తుకున్నాను. చెవిటివాడి ముందు శంఖమూదినట్టే. “తాజా లగ్‌నా చాహియే, మేడమ్” అనేవారు. వార్త తాజాగా వినిపించాలట! ఆయనకు తెలుగు రాదు. అయినా ‘రేపు’ అన్న మాట మాత్రం పట్టేసేవారు, అది వినబడకపోతే మళ్లీ రికార్డు చేయించేవారు.

మరుసటి ఏడాది సోనారి మైదానంలో ఒక ఆదివారం ఉచిత కంటి శిబిరం పెట్టారు. ఆపరేషన్లకు మనుషుల్ని ఎంచుకునేది ఆ ఒక్కరోజే. మా మేనత్త అప్పలనరసమ్మ గోవింద్‌పూర్‌లో ఉండేది. రెండు కళ్లకీ శుక్లాలు. టీవీలో నేను మసకగా కనబడ్డా, ఇరుగుపొరుగును పిలిచి “మా మేనగోడలు” అని చూపించుకునేది. ఆదివారం తీసుకురమ్మని వాళ్లబ్బాయి సూర్యారావు బావకి ముందే కబురు పెట్టాను.

ఆ పొద్దున బావ ఆటో తెస్తే అత్త మంచం దిగలేదు. “టీవీలో అది సెప్పిందేటి? సెప్పాక ఎల్దాం” అందట. సాయంత్రం క్యాసెట్ వచ్చింది. “రేపు సోనారిలో ఉచిత కంటి శిబిరం” అన్నాను నేను తెర మీద. “సూసావేట్రా, రేపే!” అని కొడుకును తిట్టిపోసిందట.

సోమవారం బావ డ్యూటీకి పోతే, పక్కింటావిడ చెయ్యి పట్టుకుని తనే వచ్చింది. మైదానంలో పందిరి గుంజలు పీకుతున్నారు. నేరుగా మా ఇంటికొచ్చి గుమ్మంలోనే కూలబడింది.

“నీ నోటితోనే కదేటే సెప్పినావు, రేపని! కళ్లు లేందాన్ని, నీ గొంతు నమ్ముకున్నానే.”

నాకు ఏడుపు కన్నా ఒళ్లుమంట ముందొచ్చింది. అప్పటికప్పుడు మిశ్రాగారి దగ్గరికెళ్లి, ఇక ‘రేపు’ అని చదవను, ఇంకొకర్ని చూసుకోండి అన్నాను. ఆయన నిజంగానే చూసుకున్నారు. కర్టెన్ కూడా తగిలించే న్యూస్ రీడర్ దొరక్క మళ్లీ నన్నే పిలిచారు.

అత్త మాత్రం మళ్లీ శిబిరం పెట్టేదాకా, అంటే ఏడాదంతా, గోడలు తడుముకుంటూ తిరిగింది. ఈసారి వారం ముందే, వారం పేరూ తేదీతో సహా రెండుసార్లు చదివాను. వార్త ఎప్పుడు చదువుతున్నామన్నది కాదు, ఎప్పుడు వింటారన్నది చూసుకుని రాయాలి. నా ఉద్యోగం నేర్పింది అదే. క్యాసెట్ గోవింద్‌పూర్ చేరిన సాయంత్రం అత్త పక్కింటి నుంచి ఫోన్ చేసింది.

“టీవీలో సెప్పినావు, ఇన్నాను. ఇప్పుడు నిజం సెప్పు. ఏ రోజు?”