గొట్టం నేలవైపే ఉంది

ఆమోసు సైన్యం నుంచి హవల్దారుగా దిగి, బెంజ్ సర్కిల్ దగ్గర ఒక బ్యాంకు గుమ్మంలో సొంత డబుల్ బ్యారెల్‌తో గార్డుగా నిలబడ్డాడు. ఆ కొలువులో తుపాకీ మనిషిదే, లైసెన్సూ మనిషిదే. లైసెన్సు పోతే తుపాకీ స్టేషన్‌కి, మనిషి ఇంటికి.

ఆ లైసెన్సు పోయింది శౌరయ్య అంత్యక్రియల్లో. ఇద్దరిదీ ఒకే పటాలం. చల్లపల్లి అవతల సొంతూళ్లో శౌరయ్య గుండె ఆగి చనిపోయాడని, ఆ పూటే మట్టి చేస్తున్నారని కబురొచ్చేసరికి ఆమోసు డ్యూటీ దిగుతున్నాడు. తూటాలు బ్యాంకు బీరువాలో పెట్టేసి, ఖాళీ తుపాకీ సంచిలో వేసుకుని, తోటి గార్డు బండెక్కి సమాధుల తోటకి చేరాడు.

ఫాదర్ ప్రార్థన ముగించారు. పటాలం తరఫున వచ్చినవాడు ఆమోసు ఒక్కడే. సంచి విప్పి తుపాకీ తలకిందులు చేశాడు. గొట్టం కొన బూటు మీద ఆనించి, పైకి వచ్చిన తుపాకీ మడమ మీద రెండు చేతులూ వేసి, తల వంచి నిలబడ్డాడు. సైన్యంలో దీన్ని శోక్ శస్త్ర్ అంటారు. పోయిన జవానుకి తోటి జవాన్లు ఇచ్చే మర్యాద.

ఎవరో ఫోన్‌లో వీడియో తీశారు. మర్నాటికి ‘శ్మశానంలో తుపాకీతో హల్‌చల్’ అని వాట్సాప్ గ్రూపులన్నీ తిరిగింది. కొద్ది రోజుల్లోనే లైసెన్సులిచ్చే అధికారి నుంచి ఉత్తర్వు వచ్చింది: ప్రజలను భయపెట్టేలా ఆయుధం ప్రదర్శించినందున లైసెన్సు రద్దు. అంతకుముందు నోటీసు లేదు. ఏం జరిగిందని అడిగినవాళ్లూ లేరు.

కొలువిచ్చిన సెక్యూరిటీ ఏజెన్సీవాళ్లు అతన్ని గన్నవరంలో ఒక అపార్ట్‌మెంట్ గేటు దగ్గర లాఠీ ఇచ్చి నిలబెట్టారు. జీతం తగ్గింది.

“తప్పయిందని రాసిచ్చెయ్యరాదూ?” అంది భార్య అమలమ్మ. “చచ్చినాయన హాయిగా పడుకున్నాడు. నిలబడ్డది నువ్వే, ఇంకా నిలబడే ఉన్నావు.”

“తప్పు కానిదాన్ని తప్పని ఎట్లా రాసేది?”

“ఆ మాటేదో బియ్యం డబ్బాకి చెప్పు.”

లాయరు రుచిత కూడా మొదట అదే దారి చూపింది. “క్షమించమని ఒక్క పేరా రాస్తే అప్పీల్లోనే తేలిపోతుంది, ఆమోసు గారూ.”

“ఆ పేరా రాస్తే శౌరయ్యకి నేనిచ్చింది మర్యాద కాదు, రౌడీయిజం అయిపోద్ది మేడమ్. అది రాయకుండా వెళ్లే దారి చెప్పండి. దూరమైనా పర్లేదు.”

దూరమే అయింది. పై అధికారి అప్పీలుని ఒక్క వాక్యంతో కొట్టేశారు. రుచిత హైకోర్టులో రిట్ వేసింది. ప్రభుత్వం తరఫు న్యాయవాది వీడియో గురించే మాట్లాడారు. రుచిత ఉత్తర్వు గురించి మాట్లాడింది. ప్రజాభద్రతకి వచ్చిన ప్రమాదం ఏమిటో అందులో ఒక్క ముక్క లేదు, సంజాయిషీ అడగనే లేదు అంది. కోర్టు రద్దును కొట్టేసి, నోటీసిచ్చి, అతని మాట విని మళ్లీ నిర్ణయించమంది. అంటే సగం గెలుపు. తుపాకీ ఇంకా స్టేషన్లోనే ఉంది.

విచారణ రోజున వాన. రద్దు చేసినాయన కుర్చీలోకి కొత్తగా వచ్చిన అధికారి ఫైలు పక్కకి నెట్టి, “అసలు ఏం చేశారో చూపించండి” అన్నారు.

ఆమోసు చేతిలోని గొడుగు తిప్పి బూటు మీద ఆనించి, తల వంచాడు.

“సార్, నేలంతా నీళ్లు,” అన్నాడు గుమ్మంలోని కానిస్టేబుల్.

“తుడవొచ్చులేవయ్యా.” అధికారి గొడుగు కొన వైపు చూశారు. “గొట్టం నేలవైపే ఉందన్నమాట. మళ్లీ మీవాళ్లెవరైనా పోతే?”

చెయ్యనని ఒక్క మాటంటే చాలు. రుచిత మోచేత్తో పొడిచింది.

“వెళ్తానండీ. సంచి విప్పేదుంటే ముందు స్టేషన్లో చెప్పి, ఒప్పుకుంటేనే విప్పుతాను. ఒప్పుకోకపోతే ఈ గొడుగుంది. నిలబడటం మాత్రం మాననండీ.”

“చెప్పకుండా విప్పారో, ఈసారి పద్ధతి ప్రకారం నోటీసిచ్చి మరీ రద్దు చేస్తాను,” అంటూ ఆయన పెన్ను తీశారు.

లైసెన్సు పునరుద్ధరించారు. స్టేషన్లో తుపాకీ చేతికి రాగానే ఆమోసు దాన్ని మడిచి గొట్టాల్లోకి చూశాడు. లోపల తుప్పు.

“రద్దయిన తుపాకీకి నూనె ఎవరు రాస్తారు బాబాయ్?” అన్నాడు రైటరు.

ఇంటికొచ్చి గుడ్డా, నూనే ముందేసుకుని కూర్చున్నాడు. సోమవారం బ్యాంకులో చేరాలి.

“ఈసారి ఎవరన్నా పోతే పూలదండ పట్టుకెళ్లు, చాలు,” అంది అమలమ్మ.

“దండ కూడా పట్టుకెళ్తాలే,” అన్నాడు రెండో గొట్టం తుడుస్తూ.