భంగు వాసన, భంగు మత్తు

సాయంత్రమయ్యేసరికి మా నాయినకు చిన్న గిన్నెడు భంగు పాలు కావాలి. రైల్వే పనిలో ఇనుము మోసి మోకాళ్లు అరగదీసుకున్న మనిషి. సర్కారు లైసెన్సు ఉన్న దుకాణం నుంచి ఆకు తెచ్చుకునేవాడు. మెట్టుగూడలోని మా ఇంట్లో దాన్నెవరూ తప్పుగా చూడలేదు. నూరేది నేనే. ఇంటర్ సైన్సు చదువుతున్నాను. ప్రతిదానికీ ఎందుకని అడిగే రోజులు. నూరుతుంటే ఒకసారి మామిడికాయ సొన వాసన, ఒకసారి మిరియాల ఘాటు, ఇంకోసారి నిమ్మతొక్క. ఒక్క ఆకులో ఇన్ని వాసనలు ఎలా దూరాయో అర్థమయ్యేది కాదు.

నలభై ఎనిమిదిలో, పోలీసు చర్యప్పుడు, ఇండియా ఫౌజు బొల్లారం చేరిన రోజుల్లో బజార్లు మూతపడ్డాయి. ఒక పొద్దున నాయిన పాత దోస్తు, రెజిమెంటల్ బజార్‌లో అత్తరు తీసి అమ్మే చాచా, భార్యను వెంటబెట్టుకుని మా ఇంటికొచ్చాడు. చేతిలో దుప్పట్లో చుట్టిన రాగి పాత్ర. అత్తరు వండే డేగ్ అది.

"అన్నా, జెర కొన్నొద్దులు ఈడ ఉంటం. బయట మా వోళ్ల మీద ఏమేమో అంటున్రు. బీబీ మస్తు పరేషానైతుంది."

"గదేం మాట భాయ్, ఇల్లు నీదే. డేగ్ సుత మోసుకొచ్చినవా?"

"దుకాణం పోతే మల్ల పెట్టుకోవచ్చు. గిది మా అబ్బాది."

వీధిలో అడుగుల చప్పుడైతే చాలు, చాచా మాట ఆపేసేవాడు. చాచీ గది దాటి బయటికి రాలేదు. దుకాణాలు తెరవక, నాయిన దగ్గర ఆకు ఒక్క పొట్లమే మిగిలింది. దాన్ని చూసి అడిగాను:

"చాచా, గులాబీల నుంచి వాసన తీస్తరు గదా, భంగుల నుంచి తియ్యరాదా?"

వచ్చాక మొదటిసారి నవ్వాడు. "పువ్వు జాన్ అంతా ఖుష్బూలనే ఉంటది బేటీ. నషా సుత గండ్లనే ఉండాలె. రెండు చుక్కలైతే చాలు మీ నాయినకు."

ఆకు ఎక్కువ రోజులొస్తుందన్న ఆశతో నాయిన ఒప్పుకున్నాడు. పెరట్లో పొయ్యి పెట్టాం. డేగ్‌లో ఆకూ నీళ్లూ వేసి, మూతకు గోధుమపిండి మెత్తి, వెదురు గొట్టం బిగించి, దాని కొస సీసాలో పెట్టి, తడిగుడ్డలు చుట్టాం. ఆవిరి దిగడం షురూ అయ్యాక పెరడంతా మామిడితోట వాసన. చాచీ గది వదిలి మెట్టు మీదికొచ్చి కూర్చుంది. సీసాలో నీళ్లు, పైన సన్నని నూనె తెట్టు.

ఆ నూనె పాలలో కలిపి నాయినకిచ్చాం. పొద్దు వాలేదాకా చూశాం.

"ఏం కాలే," అన్నాడు నాయిన.

చాచా మొహం పాలిపోయింది. "నీ ఆఖరి ఆకు ఖరాబు చేసిన అన్నా."

డేగ్‌లో మిగిలిన పిప్పి పారేయడానికి నాకు మనసొప్పలేదు. నేతిలో వేయించి, నూరి, పాలలో కలిపిచ్చాను. దానికి వాసనే లేదు. చాలాసేపటికి నాయిన కళ్లు ఎర్రబడ్డాయి. మామూలుగా ఆ వేళకు రైళ్ల ముచ్చట్లు చెప్పి నవ్వించేవాడు. ఆ రోజు గోడకానుకుని ఊరుకున్నాడు.

"ఎట్లున్నది నాయినా?"

"ఎక్కింది బిడ్డా. గాని మంచిగ లేదు. తలకాయ మీద తడి బొంత ఏసినట్టున్నది."

సీసాలో మిగిలిన వాసన నీళ్లలో గుడ్డ తడిపి ఆయన ముక్కు దగ్గర పెట్టాను. గట్టిగా పీల్చాడు. కాసేపటికి ఏదో స్టేషనులో ఇంజనుకు అడ్డం పడుకున్న గేదె ముచ్చట ఎత్తుకున్నాడు. చాచా నా వైపు చూశాడు.

"గిదేంది బేటీ?"

"తెల్వదు చాచా."

అలజడి తగ్గాక చాచా వెళ్లి చూస్తే దుకాణం తాళం పగిలి ఉంది, సీసాలన్నీ పోయాయి. డేగ్‌తోనే మళ్లీ మొదలుపెట్టాడు.

నేను కెమిస్ట్రీ టీచరునయ్యాను. మామిడిలో, మిరియాల్లో, నిమ్మతొక్కలో ఉండే టెర్పీన్లే భంగులోనూ ఉంటాయని, అవి ఆవిరితో పోతాయని, మత్తు పదార్థం మాత్రం పిప్పిలో చాలావరకు మిగులుతుందని చాలా ఏళ్లకు చదివాను. ఆ వాసనలు మత్తు తీరును మారుస్తాయా అన్నది ఇంకా తేలలేదట. నాయినను మార్చింది ఆ వాసనేనా, లేక దాంతో అలవాటైన సాయంత్రాల తలపా? ఒక్కసారి చూసినదాంతో చెప్పలేను. అప్పట్లో దుకాణాలు తెరిచాక, కళ్లకు గంత కట్టి, వాసనను, పిప్పిని విడివిడిగా ఇచ్చి మళ్లీ చూద్దామని నాయినను బతిమాలాను.

"వాసన ఒకతాన, నషా ఒకతాన పెడితే నేనేడ కూసోవాలె?" అని ఆకు గిన్నె నా ముందుకు జరిపాడు. ఎప్పటిలాగే నూరాను.