కనుగొన్నవారు రాయరాదు

చిన్నప్పుడు మా అన్నయ్యా నేనూ కలిసి ఒక దేశాన్ని కల్పించాము. అక్కడి మనుషులకు చెవులుండవు. వాన రాకనైనా, తల్లి పిలుపునైనా వారు నేలలోని కంపనం ద్వారానే గ్రహిస్తారు. ఆ గ్రహింపును అధ్యయనం చేసే విద్యకు కంపశాస్త్రమని పేరు పెట్టాము. దాని పండితులు చెప్పులు తొడగరు. మడమను నేలకూ మోచేతిని గోడకూ ఆనించి పాఠం చెప్పుకుంటారు. వేసవి సెలవుల్లో ఆత్రేయపురంలో, పిన్ని పూతరేకులు తీసే వసారాలో కూర్చుని, ఒక లెక్కల నోటుపుస్తకం నిండా ఆ శాస్త్ర సూత్రాలు రాశాము.

వాటిలో మొదటిది: “ఏ వస్తువైనా పగిలే ముందు తన కంపనాన్ని మార్చుకుంటుంది.” పొయ్యి మీద బోర్లించిన కుండకు కొబ్బరి ఈనె ఆనించి చూస్తుండగా దొరికిన సూత్రమది. పిండిలో ముంచిన గుడ్డను పిన్ని కుండ మీదుగా లాగిన ప్రతిసారీ ఈనె ఒకే తీరున వణికేది. ఒకరోజు ఆ తీరు మారింది. మరో నాలుగు రేకులు తీసేలోపు కుండ నెర్రె విచ్చింది.

నేనిప్పుడు రైస్ మిల్లుల్లో, పంపుహౌసుల్లో మోటార్ల బేరింగులకు సెన్సార్ అమర్చి కంపనాన్ని కొలిచే ఉద్యోగం చేస్తున్నాను. కొత్తగా చేరినవారికి శిక్షణ మొదటి రోజున ఆ ఈనె కథ చెప్పేదాన్ని. ఈనె పట్టుకున్నది నేనేనని చెప్పేదాన్ని.

అన్నయ్య హైస్కూలు మాస్టారు. ఆ చెవుల్లేని దేశం మీద నవల రాసి, రాజమండ్రిలో అచ్చుకిచ్చాడని మూడో మనిషి ద్వారా తెలిసింది. అట్ట మీద అతని పేరొక్కటే. మొదటి అధ్యాయం శీర్షిక ఆ సూత్రమే. ఫోన్ చేశాను.

“చిన్నప్పటి ఆటలో కూడా వాటా అడుగుతావేంటే?” అన్నాడు.

“ఆ సూత్రం నాది. నా పేరైనా వెయ్యి, లేదంటే అది తీసెయ్.”

“నీదని ఎవరు చెప్పారు? నీ మిషనా?”

నోటుపుస్తకం పిన్ని ట్రంకుపెట్టెలో ఉంది. సూత్రం ఎవరి దస్తూరీలో ఉంటే వారిదేనని, తక్కిన ఏ విషయంలోనూ కుదరని మేమిద్దరం దానికి మాత్రం ఒప్పుకున్నాము.

ఆదివారం ఉదయం వెళ్ళేసరికి పిన్ని కుండ ముందే ఉంది. “ఏంటర్రా, తలలు నెరిసినా మీ తగువు తీరలేదా? తగలడండి లోపలికి. పొయ్యికి గాలి తగుల్తుంది.”

మొదటి పుట తెరిచాను. నా దస్తూరీ. “క” తలకట్టును నేను అప్పుడూ ఇప్పుడూ ఎడమకు లాగే రాస్తాను.

“సంబరపడిపో,” అన్నాడు అన్నయ్య. “నాలుగేళ్ళు కూర్చుని నవల రాసింది నేను. ఒక్క ముక్క రాసి పక్కన పేరా నీకు? సిగ్గనిపించట్లేదూ?”

“లేదు. కొలత కొలతే.”

“ఆ కొలతలతోనే బతుకు.” ప్రెస్సుకు ఫోన్ చేయడానికి అరుగు మీదికి వెళ్ళాడు.

నేను పుట తిప్పాను. రెండో సూత్రం అతని దస్తూరీలో ఉంది: “కంపనాన్ని కనుగొన్నవారు దానిని రాయరాదు. పక్కవారు రాయాలి.” తన అనుభవానికి తానే సాక్షి కాకూడదని ఆ దేశపు పండితుల ఆచారం. ఆ నియమం నాది. పుస్తకంలో మొదటి అక్షరం రాయకముందే దానికోసం రెండు రోజులు పోట్లాడాను. అది బాగా గుర్తుంది. నాది కనుకనే అతను రాశాడు. అంటే, నా దస్తూరీలో ఉన్న మొదటి సూత్రం అతనిది. పుస్తకమంతా తిరగేశాను. ఎవరివో నాకు గుర్తున్న సూత్రాల్లో ఎక్కడా ఆ ఆచారం తప్పలేదు.

అరుగు మీద అతని గొంతు వినిపిస్తున్నది. “అవునండీ, రెండో పేరు కూడా వెయ్యాలండీ. మా చెల్లెలండీ. తప్పదండీ.”

పిలవవలసిన క్షణమది. నేను పిలవలేదు.

“ఏం కనపడిందే, మొహం అలా పెట్టావు?” అన్నది పిన్ని.

“ఏం లేదు పిన్నీ.” నోటుపుస్తకాన్ని ట్రంకు అడుగున, పాత చీరల కింద పెట్టి మూత వేశాను.

నవల ఇద్దరి పేర్లతో వచ్చింది. ఆ తర్వాత అన్నయ్య నాతో మాట్లాడలేదు. ఒక పెళ్ళిలో మాత్రం, భోజనాల బంతిలో అందరూ వింటుండగా, “మా సహరచయిత్రి గారికి గారె వెయ్యండి, వాటా తప్పకూడదు,” అన్నాడు. విస్తరి వదిలి లేచి వచ్చేశాను. అతని మీద నాకు జాలి లేదు. మాట మాత్రమైనా చెప్పకుండా అచ్చుకిచ్చిన మనిషి అతను.

కాని శిక్షణ తరగతిలో ఈనె కథ చెప్పడం నాకిక సాధ్యం కావడం లేదు. ఒక రీడింగును దాచిపెట్టిన టెక్నీషియన్‌ను ఉద్యోగంలోంచి తీసేయమని నేనే రాసి ఇచ్చాను.

కనుక నమోదు చేస్తున్నాను. ఆ రోజు ఈనె పట్టుకున్నది మా అన్నయ్య. వణుకు మారిందని పసిగట్టినది అతను. నియమం ప్రకారం ఈ సంగతి అతను రాయకూడదు, పక్కనున్న నేను రాయాలి, రాశాను. దీన్ని క్షమాపణ అనుకుని అతను మా ఇంటి గడప తొక్కనక్కరలేదు.