కామం తీసి ప్రేమ పెట్టిన రోజు

ప్రాచీన గ్రీకు నాటకాల్లో కామాన్ని పండితులు ఎలా అర్థం చేసుకున్నారన్నది నా పరిశోధన. ఈ మాట శంషాబాద్ చుట్టుపక్కల ఎవరికైనా చెప్పి చూడండి, తెలుస్తుంది నా బాధ. నేనది రాస్తున్నప్పటికి అక్కడ విమానాశ్రయం వచ్చి మూడో ఏడు. మా ఆయనకి అక్కడ కార్గోలో ఉద్యోగం, సాతంరాయిలో అద్దె ఇల్లు. ఇరుగుపొరుగు అడిగితే "ఏదో సాహిత్యం" అని తప్పించుకునేదాన్ని. మాతో ఉండే మా అత్తగారికి మాత్రం గ్రీకు దేవతల మీద రాస్తున్నానని చెప్పాను. ఆవిడ చాలా సంతోషించారు.

ఇది చాలదన్నట్టు మా గైడు. రెండేళ్ళు నా ప్రాణం తోడేశాడు. ఏ అధ్యాయం తీసుకెళ్ళినా కామం అన్న మాట కింద ఎర్రగీత. "మరో మాట దొరకలేదా అమ్మా?" దొరకదు మహాప్రభో! ఆ నాటకాల్లో కామం బయటినుంచి వచ్చి మనిషి మీద పడే జబ్బు. బిడ్డ మీద, స్నేహితుడి మీద ఉండే ప్రేమ వేరు. నా సిద్ధాంత గ్రంథమంతా ఆ తేడా మీదే నిలబడింది. ఆ ముక్క చెప్పీ చెప్పీ నాకు నోరు నొప్పి పుట్టింది.

చివరి ప్రతిని మా వీధి చివర డీటీపీ షాపులో ఇచ్చాను. నడిపేది ఆ ఊరి రైతు కుటుంబంలోని ఒకావిడ. ఎక్కువగా శుభలేఖలు టైపు చేస్తుంది. ఎవరైనా ఇంటి పెద్ద పేరు మరిచిపోయినా, పెదనాన్న పేరు బాబాయి పేరు కింద రాసుకొచ్చినా అడక్కుండా తనే సరిదిద్దేస్తుంది. దానివల్ల ఎన్నో పెళ్ళిళ్ళలో అలకలు తప్పాయని ఊరంతా మెచ్చుకుంటుంది. నేనూ మెచ్చుకున్నాను, బుద్ధి తక్కువై.

టైపయిన కాగితాలు చూసుకోకుండానే యూనివర్సిటీకి బస్సెక్కాను. గైడు ఓ నాలుగు పేజీలు తిరగేసి సంతకం పెట్టేశాడు. "ఇప్పటికి పద్ధతిగా రాశావమ్మా" అన్నాడు. నాకు అప్పుడైనా అనుమానం రావద్దూ? తిరుగు బస్సులో ఆరాంఘర్ దాటాక తీరుబడిగా తెరిచాను. "ప్రేమ సోకినవాళ్ళని చూసి ఊరు భయపడేది" అని ఉంది. ఇంకో పేజీలో "ఇల్లు కూల్చే ప్రేమ నుంచి కాపాడమని దేవతలకు మొక్కేవారు." మొత్తం గ్రంథంలో కామం ఒక్కటంటే ఒక్కటి మిగల్లేదు.

బస్సు దిగి నేరుగా షాపుకే వెళ్ళాను.

"ఎవరు మార్చమన్నారమ్మా నిన్ను?" అని అరిచాను.

"ఏందక్కా, గట్ల మొత్తుకుంటవ్?" అందామె, కుర్చీ జరిపి. "మీ అత్తమ్మ రోజు కూరగాయలకొచ్చి ఈడ్నే జర సేపు కూసుంటది. మా కోడలు దేవతల మీద పుస్తకం రాస్తున్నదని అందరికి జెప్తది. రేపు ఆమె సదివితే నీకే పరేషాన్ గాదా? నీ ఇజ్జత్ కోసమే జేసిన."

ఆ మాటను అందరికంటే ముందు మార్చింది నేనే. గైడుతో రెండేళ్ళు పోట్లాడాను గానీ, ఇంట్లో ఒక్కసారీ దాన్ని పలకలేదు. సిగ్గేసింది.

ప్రేమ ఉన్నచోటల్లా ఒక్క నొక్కుతో మళ్ళీ కామం పెట్టేస్తానందామె. అలా చేస్తే గ్రంథంలోని తల్లిప్రేమలన్నీ కామాలైపోతాయి! పక్కన కూర్చుని ఒక్కొక్కటే చూసి మార్పించాను.

"మరి సారు సంతకం?" అంది.

ఆయన సంతకం పెట్టింది ప్రేమ గ్రంథానికి. ఆ పేజీ చించేశాను. రెండేళ్ళకి దొరికిన సంతకం.

ఇంట్లో అడుగుపెట్టగానే అత్తగారు అడిగారు.

"అయిందా అమ్మా, దేవతల పుస్తకం?"

"దేవతలు కాదు అత్తయ్యగారూ. కామం గురించి. మొదటినుంచీ అదే."

"మరి నాకు అలా ఎందుకు చెప్పావు? రోజూ మన దేవుళ్ళతో పాటు నీ గ్రీకు దేవతలకీ ఓ నందివర్ధనం పెడుతున్నానే" అన్నారు.

దేవుడి గూట్లో ఓ పక్కగా ఉండే ఆ పువ్వును నేను రోజూ చూశాను. ఎవరికని ఎప్పుడూ అడగలేదు.

మర్నాడు ఆ పువ్వు లేదు. సంతకం చించినప్పుడు రాని ఏడుపు అప్పుడు వచ్చింది.