ఫ్లాపీలో పట్టని రాజ్యం

మా చిన్నప్పుడు కంప్యూటర్‌కి ఏ జబ్బు చేసినా మందు ఒకటే... ఫార్మాట్.

మేముండేది ఇబ్రహీంపట్నం థర్మల్ స్టేషన్ క్వార్టర్స్‌లో. నాన్నకి అక్కడే షిఫ్టు డ్యూటీ. అన్నయ్య చదువు కోసం కొన్న కంప్యూటర్, వాడు ఇంటర్‌కి బెజవాడ హాస్టల్లో చేరాక నా చేతికొచ్చింది. బూడిద పడకుండా అమ్మ దానికి పాత వాయిల్ చీరతో ముసుగు కుట్టింది. ఆ ముసుగు తీస్తే చాలు... నేను మహారాణిని.

అందులో పాతకాలపు రాజుల ఆట ఒకటుండేది. ఊళ్ళు కట్టాలి, కాలవలు తవ్వాలి, సైన్యాన్ని పెంచాలి, పక్క రాజు మీద పడాలి. ఏడో తరగతి అయ్యాక వేసవి సెలవులంతా కూర్చుని పదకొండు ఊళ్ళు, రెండు కోటలు, నలభై ఏనుగులు సంపాదించాను. పక్క కుర్చీలో చల్లపల్లి నుంచి వచ్చిన అమ్మమ్మ. ఒళ్ళో చాట పెట్టుకుని బియ్యంలో రాళ్ళేరుతూ, "ఆ మూల ఊరికి నీళ్ళందట్లేదే, చూసుకో" అని మంత్రిగారి పని చేసేది.

ఒక మధ్యాహ్నం నాన్న డ్యూటీకి వెళ్తూ గుమ్మంలో ఆగారు.

"కంప్యూటర్ మరీ నత్తలా నడుస్తోంది. రేపు పొద్దున మెకానిక్ వస్తాడు. మొత్తం తుడిచేసి కొత్తగా ఎక్కిస్తాడంట."

మొత్తం అంటే... నా ఏనుగులు కూడానా?

అన్నయ్యని అడుగుదామంటే హాస్టల్‌కి ఫోన్ ఆదివారమే. ఫ్లాపీలో దాచుకున్నది పోదని స్కూల్లో కంప్యూటర్ సారు చెప్పడం గుర్తొచ్చింది. అన్నయ్య సొరుగంతా గాలిస్తే ఒకే ఒక్క ఫ్లాపీ దొరికింది. సరే... దాచాలంటే అసలు సేవ్ చేసిన ఆట ఎక్కడుందో తెలియాలిగా! రోజూ సేవ్ నొక్కడమే తప్ప అది ఏ మూలకి వెళ్ళి కూర్చుంటుందో నాకేం తెలుసు? 'బుజ్జి' అని నా పేరే కొట్టి వెతికించాను. తెర మీద ఒక కుక్కపిల్ల బొమ్మ తోకాడిస్తూ తిరుగుతోంది.

"కుక్కకి దొరికిందా అమ్మడూ?" అమ్మమ్మ ఆత్రం.

దొరికింది. ఫోల్డర్లో ఫోల్డర్, అందులో ఇంకో ఫోల్డర్... అక్కడుంది నా వంశమంతా. బుజ్జి, బుజ్జి2, బుజ్జి లాస్ట్, బుజ్జి లాస్ట్ లాస్ట్, బుజ్జి ఓడిపోయాక, బుజ్జి ఒట్టు ఇదే లాస్ట్... ఒక్కోటీ తెరిచి ఏనుగుల్ని లెక్కపెట్టుకుని, 'ఒట్టు ఇదే లాస్ట్' అసలైనదని తేల్చాను. తీరా ఫ్లాపీలోకి పంపితే... చోటు చాలదంది. ఫైలు రెండు ఎంబీ. ఫ్లాపీ ఒకటిన్నర కూడా లేదు.

పాత సేవ్‌లన్నీ చిన్నవే. వాటిలో ఒకటి దాచుకోవచ్చుగా అంటారేమో... వాటిల్లో కాలవల్లేవు. అమ్మమ్మ ఒప్పుకోలేదు. కానీ వాటిని చూశాకే ఒకటి తట్టింది. రాజ్యం పెరిగే కొద్దీ ఫైలు బలిసింది. అంటే... రాజ్యం చిక్కితే ఫైలూ చిక్కుతుంది!

ఏనుగుల్ని వదిలేశాను. సేవ్ చేసి చూస్తే... చాలదు. గుర్రాల్ని, సైన్యాన్ని వదిలేశాను. చాలదు. ముక్కు తుడుచుకుంటూ రెండు కోటలూ పడగొట్టాను. ఊహూఁ.

"ఏం డబ్బానే అది! కుంకుమ భరిణె నయం" అంది అమ్మమ్మ.

పది ఊళ్ళు ఒక్కొక్కటే నేలమట్టమయ్యాయి. ఏ శత్రువూ చెయ్యలేని పని నా చేత్తో నేనే చేశాను. చివరికి మిగిలింది ఒక ఊరు, చుట్టూ కాలవలు, నడుమ నా మేడ. అయినా ఇంకా కాస్త ఎక్కువే.

"కాలవలు పూడ్చేస్తా అమ్మమ్మా."

"చేతులిరగ్గొడతా! కాలవలుంటే ఊరు మళ్ళీ లేస్తుంది. ఆ మేడ తీసెయ్."

"మరి నేనెక్కడుండాలి?"

"అరుగు మీద పడుకో. ఎండాకాలమేగా!"

మేడ తీసేశాను. ఫ్లాపీ గరగరమంటూ చాలాసేపు నమిలి... మింగింది. ఇద్దరం చప్పట్లు కొట్టాం. మర్నాడు మెకానిక్ వచ్చి శుభ్రంగా తుడిచిపెట్టి పోయాడు.

ఆదివారం అన్నయ్య ఇంటికొచ్చి, సీడీ పెట్టి ఆట మళ్ళీ ఎక్కించాడు. నా త్యాగం కథంతా విని నెత్తి కొట్టుకున్నాడు.

"జిప్ చేస్తే సరిపోయేదిగా! ఉన్న ఫైలు ఉన్నట్టుగా సగమైపోద్ది."

జిప్ అంటే నాకు తెలిసింది స్కూలు బ్యాగుకి ఉండేదే.

"ఒక్క ఏనుగు కూడా పోయేది కాదా?"

"ఒక్క తొండం కూడా పోదే."

అమ్మమ్మ ఒళ్ళోని చాట లాక్కుని వాణ్ణి క్వార్టర్ చుట్టూ రెండుసార్లు తరిమాను. బియ్యమంతా వాకిట్లో...

ఆయాసం తగ్గాక ఆట తెరిచాం. పచ్చటి పొలాలు, నిండు కాలవలు, ఇల్లు లేని మహారాణి. అయిదు నిమిషాలు కూడా కాలేదు... పక్క రాజు ఆరుగురు సైనికుల్ని పంపాడు. ఆపేవాళ్ళేరీ? తీరిగ్గా నడుచుకుంటూ వచ్చి ఊరి మధ్యలో జెండా పాతేశారు.

గొల్లుమన్నాను. నవ్వబోయిన అన్నయ్య నా ఏడుపు చూసి నోరు మూసుకున్నాడు. అమ్మమ్మ తెర దగ్గరికి వంగి పొలాల వంక పరీక్షగా చూసింది.

"నీళ్ళేమన్నా ఆగిపోయినయ్యా?"

"లేదు..."

"ఇంకేం మరి! రాజెవడైతే ఏంటి, పంట చేతికొచ్చిద్ది. ఊరుకో."

ఆ క్షణాన అన్నయ్య మీదకన్నా అమ్మమ్మ మీదే ఎక్కువ కోపమొచ్చింది. మర్నాడు పొద్దున మాత్రం మళ్ళీ మొదటి ఊరి నుంచి మొదలెట్టాను... ఈసారి కోటకన్నా ముందు కాలవ తవ్వాను.

ఇప్పుడు ఆటలు వాటంతటవే ఎక్కడో మబ్బుల్లో సేవ్ అవుతున్నాయి. ఫోన్ మారినా ఆపిన చోటే ఉంటాయి. ఏదీ పోదు... పోదు కాబట్టే కాబోలు, మా అమ్మాయి ఏ ఆట కోసమూ గొల్లుమనడం నేనింతవరకూ చూడలేదు.

మీ ఇళ్ళల్లో ఫార్మాట్‌కి బలైపోయిన రాజ్యాలేమైనా ఉన్నాయా? పేర్లు రాయండి... అందరం కలిసి ఒక్క నిమిషం మౌనం పాటిద్దాం.