తడిగోనె కింద పదిహేడు డబ్బాలు

నిన్న సోమవారం ఉదయం పది గంటల పది నిమిషాలకు, మబ్బు తునకైనా లేని ఎండలో, పాత ఫిలిములు సేకరించి భద్రపరిచే సంస్థ నుంచి ఒక అమ్మాయి కర్నూలులోని మా ఇంటికి వచ్చి, స్వాతంత్ర్యానికి ముందు ఈ ప్రాంతంలో తీసిన బొమ్మలేమైనా మిగిలాయా అని అడిగింది. ఇలా అడిగినవారిలో ఆమె నాలుగవ వ్యక్తి. చెప్పి చెప్పి అలసిపోయాను గనుక ఈసారి రాసి ఉంచుతున్నాను.

1946లో మా చిన్నాయన కర్నూలు, కడప జిల్లాల్లో గుడారం వేసి సినిమాలు ఆడించేవారు. సొంత కెమెరాతో ఆయన తుంగభద్ర ఇసుకను, సంతలను, ఉరుసును తీసిన రీళ్లు పదిహేడు డబ్బాల్లో ఉండేవి. దేనికీ రెండో ప్రతి లేదు. వాటిని కాపాడే పని ఇరవై రెండేళ్ల నాది. ఆరవ డబ్బాలో, గుడారంలో ప్రొజెక్టరు నడిపే, మేమంతా మామ అని పిలిచే ఆపరేటరు గారి ఏడేళ్ల కూతురు ఇసుకలో పరుగెడుతూ వెనక్కి తిరిగి నవ్వుతుంది. తీసిన మూడు నెలలకే ఆ పాప జ్వరంతో పోయింది. ఆమెకు మరో ఫోటో లేదు. ఆ రీలును తాను చూడలేనని మామ పక్కన పెట్టించాడు.

ఆనాటి ఫిలిం ఎండ వేడికే నిప్పంటుకుంటుందని మాకు భయం. నీళ్ల కుండకు తడిగుడ్డ చుట్టే మా సీమ అలవాటు కొద్దీ, డబ్బాల మీద గోనెపట్టాలు కప్పి, రోజుకు మూడుసార్లు తడిపి, ప్రతిసారీ వేళనూ డబ్బాల సంఖ్యనూ పుస్తకంలో రాసేవాణ్ణి. మూత తీసి చూడాలని మాత్రం తోచలేదు.

"దినామూ స్నానం చేపిస్తాండావే, వీటికి పెండ్లేమన్నా కుదిరిందా అల్లుడూ?" అని మామ ఎగతాళి చేసేవాడు.

"సల్లగా ఉండాల గదా మామా, దాంట్లో నీ పాప ఉండాది" అనేవాణ్ణి.

1947 వేసవిలో, కడపలో ఉండగా, ఒక మధ్యాహ్నం మామ వచ్చి, "ఇప్పుడు సూడగల్ను, తియ్యప్పా" అన్నాడు. తుప్పు పట్టిన మూతను పెకలించాము. లోపలికి దిగిన తేమకు చుట్టలన్నీ అంటుకుపోయి బెల్లపు ముద్దలా ఉన్నాయి. విప్పబోతే బొమ్మల పూత వేళ్లకు వచ్చి, ఒట్టి పట్టీ మిగిలింది. మామ నా పుస్తకం అందుకుని, పేజీలు తిప్పి, "లెక్క శానా బాగుండాది అల్లుడూ. పాప యాడ?" అన్నాడు. కోప్పడలేదు, కోప్పడి ఉంటే నాకు కొంత తేలికయ్యేది.

ఇప్పుడు చల్లని పొడి గదులు, తేమను కొలిచే యంత్రాలు వచ్చాయని ఆ అమ్మాయి చెప్పింది. నీళ్లకు మొహం వాచిన మా సీమలో, నీళ్లే చేటు చేస్తాయని ఆనాడు ఎవరనుకున్నారు? బొమ్మలను వెతికేవారు పెరిగారు. వాటిలోని మనుషులను గుర్తుపట్టేవారు తరిగిపోయారు.

కడపలో ఆ మధ్యాహ్నమే మిగతావన్నీ తెరిచాము. మొత్తం డబ్బాలు పదిహేడు, పాడైనవి పదహారు, మిగిలినది ఒకటి. అది వేంపల్లె సంత.